ఒప్పుకున్నాను అంటే?

టైలరమ్మ కుర్చీలోంచి లేవలేదు.

"ఇంకో గంటైనా కూర్చుంటాను. సాయంత్రం దాకా అయినా సరే. ఈ ఇంగ్లీషు రాసిన మనిషి దీనికి అర్థం చెప్పేదాకా కదిలేది లేదు," అంది.

కుడుతున్న బట్ట కుడుతున్నట్టే వదిలేసి వచ్చినట్టుంది. కొలతల టేపు ఇంకా మెడలోనే వేలాడుతోంది. చేతిలో నాలుగు మడతలు పెట్టిన కాగితం. అందులో ఒక్క మాట కింద ఎర్ర పెన్సిలుతో గీత.

"చెప్పింది వినపడలేదా? ఆఫీసు విషయాలు ఆఫీసులోనే చూసుకోవాలి. ఇళ్ల మీదికి రాకూడదు," అన్నాడు ఇంటాయన. చొక్కా గుండీలు పెట్టుకుంటూనే తలుపు తీసి పట్టుకున్నాడు, బయటికి దారి చూపిస్తున్నట్టు.

"ఆఫీసులో మీరే కదండీ సూపర్‌వైజరు. వారం నుంచీ తిరుగుతున్నాను. ఏ రోజు దొరికారు?"

ఆయన తలుపు వదిలేశాడు.

వంటింటి గుమ్మంలో నిలబడి ఉంది నిదానం. అది ఆమె అసలు పేరు కాదు. ఒక్క పేరా అనువాదం చేయడానికి పూటంతా తీసుకుంటుందని, పెళ్లైన కొత్తలో మామగారు సరదాగా పెట్టిన పేరు. అదే నిలిచిపోయింది. వాషింగ్ మెషీన్ల వాడకం పుస్తకాలు, మందుల డబ్బాల్లో మడిచి పెట్టే చీటీలు, లిఫ్టుల్లో అంటించే హెచ్చరికలు - ఇంగ్లీషులోంచి తెలుగులోకి, తెలుగులోంచి ఇంగ్లీషులోకి మార్చడం ఆమె పని. టైలరమ్మ చేతిలోని కాగితం కూడా ఆమె టైపు చేసిందే.

"ఏదీ, ఇలా ఇవ్వండి," అంది నిదానం.

"నువ్వు లోపలికి వెళ్లు," అన్నాడు భర్త.

ఆమె లోపలికి వెళ్లలేదు. వచ్చి టైలరమ్మ ఎదురుగా కూర్చుంది.

ఎర్ర గీత ఉన్నది 'కన్ఫెస్' అనే మాట కింద. లిఫ్టును వాడకానికి వదిలిన నేరం నాదేనని ఒప్పుకుంటున్నాను - ఆ ఇంగ్లీషు వాక్యానికి తాత్పర్యం అది. టైలరమ్మ భర్త లిఫ్టు మెకానిక్, ఈ ఇంటాయన కిందే పనిచేస్తాడు. పోయిన నెల ఒక ఆస్పత్రిలో ఆయన చూసుకునే లిఫ్టు నాలుగో అంతస్తు నుంచి రెండో అంతస్తుకు జారి ఆగింది. లోపల ఉన్న పెద్దావిడకు కాలు రెండు చోట్ల విరిగింది. విచారణలో మెకానిక్ తెలుగులో చెప్పినదాన్ని గుమాస్తా రాసుకుంటే, పైఆఫీసు వాళ్ల కోసం నిదానం దాన్ని ఇంగ్లీషులో పెట్టింది. రేపు పదకొండు గంటలకు చివరి విచారణ. ఈ ఒక్క మాట ఆధారంగా లైసెన్సు రద్దు చేసి, కేసు పోలీసులకు అప్పగిస్తారట.

"మా వీధి చివర ఇంగ్లీషు మాస్టారు ఉన్నాడు. ఆయన చదివి, 'అమ్మా, దొంగలు పోలీస్ స్టేషన్లో చెప్పే మాట ఇది' అన్నాడు. నిజమేనా?" అని అడిగింది టైలరమ్మ.

నిదానం మామగారి వైపు తిరిగింది.

కిటికీ పక్క మంచం మీద కూర్చున్న మామగారు అప్పటికే ఒళ్లో నిఘంటువు పెట్టుకుని పేజీలు తిప్పుతున్నాడు. నలభై ఏళ్లు అచ్చాఫీసులో ప్రూఫులు దిద్దిన మనిషి. మాట గురించి తగవు వచ్చిందంటే ఆయనకు ఎక్కడలేని ఉత్సాహం.

"మాస్టారు చెప్పింది సగమేనమ్మా," అన్నాడు. "దాచిపెట్టిన తప్పును తనంతట తాను బయటపెట్టడం ఒక అర్థం. దేవుడి ముందు పాపం చెప్పుకోవడం ఒకటి. నవ్వుతాలుకీ వాడొచ్చు. నీ పాట నాకు నచ్చలేదని ఒప్పుకోక తప్పదు అంటాం చూడు, అలాగ. కానీ వెనకాల 'టు' తగిలించి, దాని పక్కన చేసిన పని పెట్టామనుకో, అక్కడ నవ్వులాట లేదు. అచ్చంగా నేరమే."

"ఇక్కడ ఆ తోక ఉందా?" అంది టైలరమ్మ.

మామగారు కాగితంలోకి వంగి చూశాడు. "ఉంది," అన్నాడు మెల్లిగా.

"నాన్నా, మీరు ఊరుకోండి," అన్నాడు కొడుకు. "కన్ఫెస్ అన్నా అడ్మిట్ అన్నా ఒకటే. ఒక్క మాట పట్టుకుని ఇంత రాద్ధాంతమా?"

"అడ్మిట్ అంటే ఆస్పత్రిలో చేర్చుకోవడం కదా!" అంది టైలరమ్మ.

మామగారు ఫక్కున నవ్వబోయి, ఆమె ముఖం చూసి నవ్వు మింగేశాడు. "అదీ ఉందమ్మా. లోపలికి రానివ్వడం. నిజాన్ని లోపలికి రానిచ్చినా అదే మాట. కాకపోతే, ఎవరో తలుపు బాదితే తీసినట్టు ఉంటుంది. కన్ఫెస్ అలా కాదు. లోపలున్నవాడే తీయాలి."

"మా ఆయన ఏ తలుపూ తియ్యలేదండీ. ఆయన అన్న మాట నాకు తెలుసు. 'ఒప్పుకున్నాను' అన్నాడు. అంతే అన్నాడు." టైలరమ్మ గొంతు పెరిగింది. "నన్ను చేసుకోడానికీ ఒప్పుకున్నాడు. అద్దె ఇంట్లో ఉండటానికీ ఒప్పుకున్నాడు. మా చెల్లెలి పిల్లను మా ఇంట్లో ఉంచి చదివించడానికీ ఒప్పుకున్నాడు. అన్నిటికీ జైల్లో వేస్తారా?"



నిదానం ఎర్ర గీత మీద వేలు పెట్టింది. ఆ కోణం ఆమెకు తట్టనే లేదు. తెలుగులో ఒక్క మాటే. సరే అన్నా ఒప్పుకోవడమే, తప్పు నాదే అన్నా ఒప్పుకోవడమే. ఇంగ్లీషులో మాత్రం ఆ రెండూ చెరో వీధిలో కాపురం ఉండే మాటలు.

"మీ ఆయన 'సరే' అనే అర్థంలో అన్నారంటారా?"

"నాకేం తెలుసమ్మా? కిందే ఉన్నాడు. అడగండి."

"కింద ఉన్నాడా!" అన్నాడు సూపర్‌వైజరు. ముఖంలో రంగు మారింది. "నాకు టైమవుతోంది. నేను వచ్చేసరికి ఈ గొడవ ఉండకూడదు," అని చెప్పులు వేసుకున్నాడు. ఆయన అడుగులు ముందు మెట్ల వైపు కాక వెనక మెట్ల దిక్కుగా వినిపించడం నిదానం గమనించింది. ఆ దారిన ఆయన ఎప్పుడూ వెళ్లడు.

* * *

మెకానిక్ మీటర్ల గది పక్కన గోడకు ఆనుకుని నిలబడి ఉన్నాడు. నిదానాన్ని చూడగానే సర్దుకుని నిలబడ్డాడు. మోచేతుల దాకా మడిచిన చొక్కా. గోళ్ల సందుల్లో ఎంత కడిగినా పోని గ్రీజు. పని మాన్పించి నెల కావస్తున్నా ఆ నలుపు అలాగే ఉంది.

"పైకి రావాల్సింది," అంది ఆమె.

"వద్దమ్మా. ఇక్కడే బాగుంది."

"మిమ్మల్ని ఒక్కటే అడుగుతాను. విచారణలో మీరేమన్నారు? ఉన్నదున్నట్టు చెప్పండి."

"నేను తెలుగులో చెప్పానమ్మా. ఆ తర్వాత అది ఏ వేషం కట్టిందో నాకేం తెలుసు?" అన్నాడు. మాటలో కోపం లేదు. అలిసిపోయినతనం ఉంది. "లిఫ్టు వదలడానికి నేనే ఒప్పుకున్నాను. ఇదే అన్నాను."

"వదలడానికి ఒప్పుకున్నారు. వదిలానని ఒప్పుకోలేదు."

ఆయన ఒక నిమిషం ఆలోచించాడు. "రెండూ వేరేనా?"

"చాలా వేరు. వదలడానికి ఒప్పుకున్నారంటే, ముందు ఎవరో అడిగి ఉండాలి కదా? ఎవరూ అడక్కుండా మనిషి దేనికీ ఒప్పుకోడు. ఎవరడిగారు?"

 మెకానిక్ తల వంచి ఒక గోటితో ఇంకో గోరు గీకుతున్నాడు.

"చెప్పండి."

"చెప్పాను కదమ్మా. అన్నీ రాయించాను. లిఫ్టును పట్టి ఆపే బ్రేకు షూలు అరిగాయని చెప్పాను. రెండుసార్లు కుదరదన్నానని చెప్పాను. అడిగిన మనిషి పేరు కూడా చెప్పాను."

"నా దగ్గరికి వచ్చిన కాగితాల్లో ఏ పేరూ లేదు."

ఆయన చటుక్కున తలెత్తాడు. మొదటిసారిగా ఆమె ముఖంలోకి సూటిగా చూశాడు.

"లేదా?"

"లేదు."

"మీరు చదివే వదిలేశారనుకున్నాను," అన్నాడు. "ఇన్నాళ్లూ అలాగే అనుకున్నాను."

నిదానానికి చెంప మీద కొట్టినట్టయింది. "నేనెందుకు వదిలేస్తాను?"

మెకానిక్ మూడో అంతస్తు వైపు చూశాడు. ఆమె ఇంటి బాల్కనీలో ఆరేసిన తెల్ల చొక్కాలు గాలికి ఊగుతున్నాయి. చప్పున చూపు తిప్పుకున్నాడు.

"ఆ పేరు నా నోటితో మీకు చెప్పలేనమ్మా. మా ఆవిడకు కూడా చెప్పలేదు. చెబితే వీధిలో మైకు పెట్టేస్తుంది." కాస్త నవ్వడానికి ప్రయత్నించాడు. "అలాగని నేను మంచివాణ్ణేం కాదు. కుదరదని మూడోసారి కూడా అని ఉంటే, ఆ పెద్దావిడ కాలు బాగుండేది. నా వంతు నాకుంది. అది నేను ఎవరిమీదా పెట్టను."

నిదానం మెట్ల వైపు తిరిగింది. 

* * *

టైలరమ్మ భర్తతో వెళ్లిపోయాక, నిదానం బీరువా మీంచి ఫైలు దించింది. గుమాస్తా చేత్తో రాసిన తెలుగు వాంగ్మూలం జిరాక్సు కాపీ. దాన్ని తెచ్చి మామగారి మంచం మీద పరిచింది.

"మామయ్యా, మీరొకసారి చూడండి. నా కళ్ల మీద నాకు నమ్మకం పోయింది."

ఆయన కళ్లజోడు తుడుచుకున్నాడు. అక్షరం మీదికి వెళ్లలేదు. ముందు కాగితాల పైమూలలు చూశాడు. ప్రూఫులు దిద్దేవాళ్లకు అది అలవాటు, మొదట పేజీల లెక్క, ఆ తర్వాతే మాటలు.

"ఒకటి. రెండు. నాలుగు," అన్నాడు.

"ఏంటి?"

"నాలుగమ్మా. అంకె సగం తెగిపోయింది గానీ, ఇది మూడు కాదు. చూడు ఈ గీత."

నిదానం చూసింది. రెండో పేజీ చివరి మాట 'అప్పుడు'. నాలుగో పేజీ మొదటి వాక్యం 'లిఫ్టు వదలడానికి నేనే ఒప్పుకున్నాను'. అప్పుడు లిఫ్టు వదలడానికి నేనే ఒప్పుకున్నాను. అతుకు కనపడకుండా అతుక్కుపోయింది. మధ్యలో ఒక పేజీ నిండా మాట్లాడిన మనిషి, ఎవరో పిలిచి అడిగిన సంగతి, కుదరదన్న రెండుసార్లూ - ఏమీ లేవు.

"నీకు ఎలా తప్పిపోయిందమ్మాయ్?" అన్నాడు మామగారు. నిందలా కాదు. నిజంగా తెలుసుకోవాలన్నట్టు అడిగాడు.

ఆమె కూడా అదే ఆలోచిస్తోంది. ఆ రోజు కాగితాలు ఇస్తూ భర్త, "వాడు అంతా ఒప్పేసుకున్నాడు. గంటలో కావాలి," అన్నాడు. గంటలో ఇచ్చేసింది. బతుకులో ఒక్కసారి తొందరపడింది. అంతా ఒప్పేసుకున్నాడని ముందే చెవిలో పడింది కాబట్టి, కాగితంలో కూడా అదే కనిపించింది. వెనక నిలబడి చూస్తున్న భర్త, ఆ మాట తెర మీద పడగానే, "బాగుంది, అదే ఉంచు," అన్నాడు. ఏనాడూ ఆమె పనిలో వేలు పెట్టని మనిషి.

"కాగితాలు తెచ్చింది ఎవరు?" అడిగాడు మామగారు.

అడిగాక ఆయనకే అర్థమైంది. కళ్లజోడు తీసి ఒళ్లో పెట్టుకున్నాడు. చాలాసేపు దాన్ని పెట్టుకోలేదు.

నిదానం బల్ల దగ్గరికి వెళ్లి తెల్ల కాగితం తీసింది. పైఆఫీసుకు ఉత్తరం. మొదటి వాక్యం దగ్గరే ఆగిపోయింది.

"ఏ మాట వెయ్యను మామయ్యా?"

"నువ్వేదన్నా దాచావా?"

"లేదు."

"అయితే కన్ఫెస్ నీది కాదు. ఎవరన్నా నిన్ను పట్టుకుని నిలదీశారా?"

"అదీ లేదు. టైలరమ్మ అడిగింది గానీ, అర్థం అడిగింది."

"అయితే అడ్మిట్ కూడా వద్దు. తప్పు రాశానని రాసెయ్. తిన్నగా."

ఆమె అలాగే రాసింది. నేను తప్పు రాశాను. అతను అన్నది నేరం ఒప్పుకోవడం కాదు, ఎవరో కోరిన దానికి సరేనని ఒప్పుకోవడం. నాకు ఇచ్చిన కాగితాల్లో మూడో పేజీ లేదు. నేను చూసుకోలేదు. ఇంగ్లీషులో అయిదు వాక్యాలు కూడా లేవు. రాసేసరికి మధ్యాహ్నం రెండైంది.

* * *

భోజనానికి వచ్చిన భర్త చేతులు కడుక్కుని ఆ ఉత్తరం చదివాడు. రెండోసారి కూడా చదివాడు.

"పిచ్చిపట్టిందా నీకు? తప్పు నాదేనని నీ చేత్తో రాసిస్తే, రేపటి నుంచి నీకు పని ఎవరిస్తారు? ఇన్నేళ్ల పేరు మట్టిలో కలుస్తుంది."

"కలవనివ్వండి. నేనే చేసిన తప్పు."

"ఇవాళ కాకపోతే రేపు చూద్దాం. విచారణ అవనివ్వు."

"మూడో పేజీ ఎక్కడుంది?"

ఆయన పీట లాక్కుని కూర్చోబోతున్నవాడు ఆగిపోయాడు. మళ్లీ కుళాయి దగ్గరికి వెళ్లి, కడిగిన చేతుల్నే కడగడం మొదలుపెట్టాడు. నీళ్లు అలా పోతూనే ఉన్నాయి.

"జిరాక్సులో పోయిందేమో," అన్నాడు అటు తిరిగే.

"జిరాక్సు మిషను సరిగ్గా ఒకే పేజీ మింగిందా నాన్నా?" అన్నాడు మంచం మీంచి తండ్రి. ఆ గొంతు అంత మెత్తగా ఉండటం కొడుకు ఎప్పుడూ వినలేదు. అరిచి ఉంటే తేలిగ్గా ఉండేది.

నిదానం వెళ్లి కుళాయి కట్టేసింది.

"మీరేనా?"

ఆయన తువ్వాలు కోసం వెతికాడు. భుజం మీదే ఉంది.

"ఆ ఆస్పత్రి ఐదో అంతస్తులో డయాలిసిస్ ఉంది," అన్నాడు చివరికి. "ఆ రోజు ఇరవైమంది వచ్చారు. మెట్లెక్కే వాళ్లు ఒక్కరు లేరు. కింద బెంచీల మీద కూర్చుని నా వైపే చూస్తున్నారు. కొత్త షూలు మర్నాడు పొద్దున్న వస్తాయి. ఒక్క రోజు లాగించెయ్యమన్నాను. కుదరదన్నాడు. మళ్లీ అడిగాను. కుదరదన్నాడు. మూడోసారి..."

"ఒప్పుకున్నాడు."

"ఒప్పుకున్నాడు. నేను బతిమాలితే ఒప్పుకున్నాడు."

"మరి ఆ మాట విచారణలో ఎందుకు చెప్పలేదు?"

"ఎవరూ నన్ను అడగలేదు."

"అందుకని పేజీ తీసేశారు. తీసేసి, మిగతావి నాకు ఇచ్చారు. నా వెనకే నిలబడి ఆ మాట బాగుందన్నారు." ఆమె కుళాయి మీంచి చెయ్యి తీసింది.  "ఎవరితోనైనా రాయించి ఉండొచ్చు కదండీ. నాతోనే ఎందుకు?"

ఆయన తువ్వాలు తీసి మళ్లీ భుజం మీదే వేసుకున్నాడు.  

"చించేశారా?"

"లేదు. ఆఫీసు సొరుగులో ఉంది. రెండుసార్లు చించబోయాను. చెయ్యి రాలేదు."

మామగారు గోడ వైపు తిరిగి ఒక్కసారి ముక్కు తుడుచుకున్నాడు.

నిదానం ఉత్తరాన్ని తిరిగి బల్ల మీద పెట్టింది. ఆమె సంతకం కింద సగం కాగితం ఖాళీగా ఉంది. కుర్చీ వెనక్కి లాగింది.

"నాది నేను రాశాను. మీది నేను అనువాదం చెయ్యను."

"రాస్తే నా ఉద్యోగం పోతుంది. ఉద్యోగమే కాదు..."

"తెలుసు."

"రాయకపోతే?"

ఆమె ఆయన వైపే చూసింది. కోపమో ఏడుపో ఉంటే ఆయన ఏదో ఒకటి అని ఉండేవాడు. ఆమె ముఖంలో ఉన్నది ఆ రెండూ కావు. పదిహేనేళ్లు కలిసి బతికిన మనిషి ఇప్పుడేం చేస్తాడో తనకు తెలియదని, తెలుసుకోవాలని ఉందని చెబుతున్న చూపు అది.

ఆయన వచ్చి కూర్చున్నాడు. కలం మూత తీశాడు. చెయ్యి ఇంకా తడిగా ఉంది, కాగితం మీద బొటనవేలి మచ్చ పడింది. దాని పక్కన ఇంగ్లీషులో 'నేను' అని నిలువుగా ఒక్క గీత గీశాడు.

అక్కడ ఆగిపోయాడు.

తర్వాత రావాల్సింది క్రియ. ఏ క్రియైనా రావచ్చు. నిదానం కదలకుండా నిలబడింది. మంచం మీది ముసలాయన మెల్లిగా కళ్లజోడు పెట్టుకుని, కొడుకు భుజం మీదుగా మెడ సాచాడు.